కాస్పర్ బంతి తన్నిన ఆదివారం

కాల్డర్ జంక్షన్ రైల్వే షాపువాళ్ళ ఫుట్‌బాల్ జట్టు పద్నాలుగేళ్ళలో సొంత ఊళ్ళో ఒక్క ఆటా ఆడలేదు. కారణం చిన్నదే. షాపులో, అంటే ఇంజన్లు బాగుచేసే ఆ కార్ఖానాలో, పనిచేసేవాళ్ళకి రైలు ఉచితం. ఇంకో ఊరి జట్టు కాల్డర్‌కి రావాలంటే పదిహేనుమందికి టికెట్లు కొనాలి. వీళ్ళు వెళ్ళాలంటే పాసు చూపించి ఎక్కి కూర్చుంటే సరి. అందుకని ఒహాయో రాష్ట్రమంతా వీళ్ళే తిరిగారు. శనివారం సాయంత్రం షాపు కూత వేయగానే చేతులు కడుక్కుని బండెక్కడం, ఆదివారం ఎవరో ఒకరి ఊళ్ళో బురదలో పొర్లడం, సోమవారం ఏడింటికి మళ్ళీ సుత్తి పట్టడం. ఆటకి మనిషికి పది డాలర్లు ముట్టేవి. ఊరి జనానికి మాత్రం తమ జట్టు గురించి తెలిసిందల్లా సోమవారం పొద్దున్న ఎవరు కుంటుతున్నారన్నదొక్కటే.

ఆ జట్టులో కాస్పర్ రీడల్‌ది పదకొండో ఏడు. బాయిలర్లు చేసే మనిషి. ముప్పై ఆరేళ్ళుంటాయి. దూలానికి చొక్కా తొడిగినట్టుండేవాడు. ఆ ఆటలో బంతిని తన్నడం తక్కువ, చేత్తో పట్టుకుని ఎదుటివాళ్ళ వరసలోంచి దూసుకుపోవడమే ఎక్కువ. వరసలో నడిమివాడికి ఎడంపక్క అతని చోటు. ఎదురుగా నిలబడ్డవాణ్ణి అక్కణ్ణుంచి జరపడమే అతని పని. వాడు జరిగితే ఆ సందులోంచి బంతి పట్టుకున్నవాడు పరిగెత్తుతాడు, జనం వాడి పేరు పెట్టి అరుస్తారు. కాస్పర్ పదకొండేళ్ళలో బంతిని ముట్టుకున్నది మూడుసార్లు. మూడుసార్లూ అదే వచ్చి అతనిమీద పడింది.

బాయిలర్ పనివాళ్ళందరికీ ఉన్నట్టే అతనికీ చెవులు సగం పోయాయి. ఇనుప పీపా లోపల ఒకడు కూర్చుంటే బయటినుంచి ఇంకొకడు రివెట్లు కొడుతుంటాడు. ఎవరి చెవులైనా ఎన్నాళ్ళాగుతాయి? జట్టులో ఏడుగురు అలాంటివాళ్ళే. మిగతా జట్లు అంకెలు అరిచి ఎత్తులు చెప్పుకునేవి. వీళ్ళు ఒకడి మడమమీద ఇంకొకడు తట్టి చెప్పుకునేవాళ్ళు. ఎదుటి జట్టుకి ఒక్క ముక్క అందేది కాదు. లోపం కూడా ఒక్కోసారి కలిసొస్తుంది.

ఇక అబద్ధం సంగతి.

కాస్పర్ భార్య పేరు ఒటీలియా. అందరూ టిలీ అంటారు. ఆమె అన్న కుర్రతనంలో ఈ ఆటలోనే ముందుపళ్ళు నాలుగు పోగొట్టుకున్నాడు. పెళ్ళి మాటలప్పుడే ఆమె కుండబద్దలు కొట్టింది: "ఆ ఆట ఆడేవాణ్ణి నేను చేసుకోను." కాస్పర్ కాసేపు తన బూట్లకేసి చూసుకుని, "నేను బంతి తన్నేవాణ్ణి. వెనక దూరంగా నిలబడతాను. తన్నేవాణ్ణి ముట్టుకుంటే రిఫరీ ఊరుకోడు" అన్నాడు. అందులో సగం నిజమే. తన్నేవాణ్ణి ముట్టుకుంటే రిఫరీ నిజంగానే ఊరుకోడు. తన్నేవాడు మాత్రం కాస్పర్ కాదు.

అలా గోరంత చెప్పినది కొండంత పెరిగింది. సోమవారాలు పొద్దున్నే ఇంజన్ షెడ్డులో వేడినీళ్ళతో ఒళ్ళు కడుక్కుని, బురదబట్టలు అక్కడే వదిలేసి, పని ముగిశాక ఇంటికి పోయేవాడు. దెబ్బలన్నీ బాయిలర్ ఖాతాలో వేసేవాడు. ముక్కు వంకరపోయింది, రివెట్ ఎగిరి తగిలిందన్నాడు. చెవి ముద్దయింది, రేకు జారిందన్నాడు. పక్కటెముక విరిగింది, నిచ్చెనమీంచి పడ్డానన్నాడు. టిలీ ఊరుకునే మనిషి కాదు. కొప్పుమీద టోపీ పెట్టుకుని, మూడుసార్లు షాపుకి నడిచి వెళ్ళి, మేస్త్రి డఫీని నలుగురిలో కడిగేసింది. "మనుషుల్తో పని చేయిస్తున్నారా, మాంసం కొడుతున్నారా?" అంది. ఫుట్‌బాల్ జట్టుకి పెద్ద కూడా ఆ డఫీయే. నిజం చెప్పలేక, టోపీ తీసి చేత్తో నలుపుతూ, మూడుసార్లూ తల వంచుకుని విన్నాడు. మూడోసారి తర్వాత రివెట్లు కొట్టేచోట ఇనుప తెరలు పెట్టించాడు. వాటివల్ల షాపులో నలుగురి కళ్ళు దక్కాయి. అది వేరే మాట.

ఆ ఏడు వేసవిలో టిలీ ఒక నిర్ణయానికొచ్చింది. ఆమె మేనమామకి ఉత్తరాన వెన్న తీసే కార్ఖానా ఉంది. "వసంతం రాగానే పిల్లల్ని తీసుకుని మనం అక్కడికి పోతున్నాం. ఆ బాయిలర్లు నిన్ను చంపేదాకా నేను చూస్తూ కూర్చోను" అంది. కాస్పర్ అడకత్తెరలో పోకచెక్కయ్యాడు. నిజం చెబితే ఆట మాన్పిస్తుంది. చెప్పకపోతే షాపు మాన్పిస్తుంది, షాపులో లేనివాడికి జట్టులో చోటు లేదు. ఎటు తిరిగినా ఆట పోయేదే. ఇంకా రెండుమూడేళ్ళు ఆడగలనని అతని నడుం చెబుతోంది. నడుం మాట అతనెప్పుడూ నమ్ముతాడు.

సరిగ్గా అప్పుడే షాపు గేటుకి ఒక కాగితం అంటించారు. పనివాళ్ళ ఆసుపత్రి నిధికోసం నవంబరు రెండో ఆదివారం, యార్డు పక్క మైదానంలో, కాల్డర్ జట్టుకీ విన్‌ఫోర్డ్ గాజు ఫ్యాక్టరీ జట్టుకీ ఆట. విన్‌ఫోర్డ్‌వాళ్ళ రైలు ఖర్చు కంపెనీదే. ఇళ్ళవాళ్ళంతా రావాలి.

టిలీకి కాళ్ళు నేలమీద ఆగలేదు. చర్చి మెట్లమీద పదిమంది ఆడవాళ్ళ మధ్య నిలబడి చెప్పింది. "మా కాస్పర్ తన్నేవాడు. మీ ఆయనల్లాగా బురదలో దొర్లే రకం కాదు."

పక్కనే విధవరాలు పిమ్ ఉంది. ఆవిడ కొడుకు లెస్టర్ షాపు ఆఫీసులో గుమాస్తా. "మా లెస్టర్ కూడా తన్నేవాడేనన్నాడే!" అందావిడ.

"సాయానికి ఉంచుంటారులెండి" అని టిలీ ఆవిడ చెయ్యి పట్టుకుని ఓదార్చింది.

సోమవారం కాస్పర్ డఫీ దగ్గరికెళ్ళి నిలబడ్డాడు.

"ఏంట్రా? ఎవరైనా పోయారా?" అని డఫీ అతని ఎడమచెవిలో అరిచాడు. కుడిచెవికన్నా అది నయం.

"ఆదివారం నేను తన్నాలి."

"ఎవర్ని?"

"బంతిని."

డఫీ పొగాకు నమలడం ఆపాడు. సంగతంతా విన్నాక గోడకి ఆనుకుని, కళ్ళనీళ్ళొచ్చేదాకా నవ్వాడు. తర్వాత నవ్వాపి ఆలోచించాడు. వెన్న కార్ఖానాకి పోతే ఇలాంటి మనిషి మళ్ళీ దొరకడు. పైగా టిలీతో నాలుగోసారి తిట్లు తినే ఓపిక అతనికి లేదు. గుమాస్తా పిమ్‌ని పిలిపించాడు.

"ఒరేయ్ పిమ్, ఆదివారం మొదటి సగం నువ్వు కాస్పర్ చోట్లో నిలబడు. వాడు నీ చోట్లో తన్నుతాడు. చలికి ఆడవాళ్ళు సగంలో ఇళ్ళకి పోతారు. తర్వాత ఎవరి చోట్లోకి వాళ్ళు రండి."

పిమ్ మంచి తన్ను తన్నే కుర్రాడే గానీ, చొక్కా తడిస్తే ఎముకలు లెక్కపెట్టొచ్చు. "మేస్త్రిగారూ, అటుపక్క ఆ చోట్లో ఉండేది ఈలై స్టక్కు కదండీ. నన్ను తినేస్తాడండీ."

"తినడ్రా. నమిలి ఊసేస్తాడంతే" అన్నాడు డఫీ.

ఈలై స్టక్ విన్‌ఫోర్డ్‌లో గాజు ఊదేవాడు. ఛాతీ కొలిమితిత్తిలా ఉంటుంది. ఎనిమిదేళ్ళుగా కాస్పర్‌కి ఎదురుగా నిలబడుతున్నది అతనే. ఏడాదికి రెండుసార్లు ఇద్దరూ గంటసేపు ఒకళ్ళనొకళ్ళు పిండి పిసికినట్టు పిసుక్కుని, ఆట అయ్యాక ఒకే బల్లమీద కూర్చుని సాసేజీలు తినేవాళ్ళు. కాస్పర్ ఒంట్లో ఎముకల గురించి టిలీకన్నా స్టక్కుకే ఎక్కువ తెలుసు.

ఆదివారం ప్రార్థన కాగానే ఊరంతా మైదానానికొచ్చింది. బొగ్గునుసీ రంపంపొట్టూ చల్లి చదును చేసిన నేల. చుట్టూ తాడు కట్టారు. తాడు పక్కన కాఫీ బల్ల పెట్టారు. ఆ బల్ల దగ్గర టిలీ కాస్పర్ కంటబడింది. ఆమె వేడి ఇటుకలు రెండు ఉన్నిగుడ్డలో చుట్టి తెచ్చుకుని కాళ్ళకింద పెట్టుకుంది. మధ్యలో ఇంటికి పోయే మనిషి చేసే పని కాదది.

ఆట మొదలుపెట్టే తన్ను కాల్డర్‌దే. కాస్పర్ బంతిని నేలమీద నిలబెట్టి, పది అడుగులు వెనక్కెళ్ళి, బాయిలర్‌కి సమ్మెట వేసే ఊపుతో పరిగెత్తుకొచ్చి తన్నాడు. బలానికి లోటు లేదు. దిక్కే కుదరలేదు. బంతి ముందుకి పోకుండా ఎడంపక్కకి తిరిగి, తాడు దాటి, బగ్గీకి కట్టి ఉన్న ఫాదర్‌గారి గుర్రం పిరుదుమీద తగిలింది. గుర్రం బగ్గీతో సహా చర్చి వైపు బయలుదేరింది. వెనకాల ఫాదర్ పరుగు.

జనం విరగబడి నవ్వారు. కాస్పర్ చెవుల్లో పడింది కొంచెమే. చూసింది మాత్రం అంతా చూశాడు. టిలీ నవ్వలేదు. చేతిలో కాఫీ జగ్గు పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఆమె చుట్టూ ఉన్న ఆడవాళ్ళు కొంగల్లా మెడలు సాచి ఆమెనే చూస్తున్నారు.

రెండో తన్ను నిట్టనిలువుగా లేచి అతని వెనకే పడింది. మూడోది తగిలీ తగలక పిల్లి నడిచినట్టు నాలుగు గజాలు నడిచి ఆగింది.

అవతల వరసలో స్టక్కు అయోమయంగా చూస్తున్నాడు. ఎదురుగా పాత మనిషి లేడు, ఒక పుల్ల నిలబడుంది. ఆ పుల్లని ఒక చేత్తో పక్కకి పెట్టి లోపలికి రావడం, మళ్ళీ వెళ్ళి నిలబడడం. అతనికి ఏం బాలేదు. మధ్యలో ఒకసారి దూరంనుంచి కాస్పర్‌కేసి రెండు చేతులూ చాపి, "ఏంట్రా ఇది, పెళ్ళికొడుకులా అక్కడ నిలబడ్డావ్?" అని అరిచాడు. కాస్పర్ వినబడనట్టు మొహం తిప్పుకున్నాడు. చెవిటివాడికి అదొక్కటే సుఖం.

సగం ఆట అయ్యేసరికి గాజువాళ్ళు బంతిని గీత దాటించి ఆరు పాయింట్లు సంపాదించారు. ఆ తర్వాత ఇంకో పాయింటు కోసం తన్నే అదనపు తన్ను వాళ్ళవాడు గోలు కర్రలకి బయట తన్నాడు కాబట్టి ఆరుతో ఆగింది. కాల్డర్‌ది సున్నా.

ఆడవాళ్ళెవరూ ఇంటికి పోలేదు. కాఫీ పోయడం మొదలుపెట్టారు. అతిథులకి ముందు పోయడం మర్యాద. గాజువాళ్ళు కప్పులు పట్టుకుని వరస కట్టారు. స్టక్కు వరసలో జరుగుతూ జరుగుతూ సరిగ్గా టిలీ ముందుకొచ్చి ఆగడం కాస్పర్ మైదానం అవతలినుంచి చూశాడు.

నలభై గజాల దూరం. ఒక్క మాటా వినబడదు. వినబడాల్సిన పనీ లేకపోయింది.

స్టక్కు టోపీ తీశాడు. టిలీ ఏదో అడిగింది. స్టక్కు వేలు కాస్పర్ వైపు తిరిగింది. ముఖమంతా నవ్వు. తర్వాత తన ముక్కు పట్టుకుని ఒక పక్కకి వంచి, మోచేతిని గాల్లో ఒకసారి విసిరాడు. గుండెమీద చెయ్యి వేసుకుని 'నేనే' అన్నాడు. తర్వాత చెవి. చెవిని గుప్పిట్లో నలిపి చూపించి, మళ్ళీ 'నేనే'. తర్వాత కుడి పక్కటెముకలు. దానికి కాఫీ కప్పు బల్లమీద పెట్టి, వంగి, భుజంతో ఎలా గుద్దిందీ నెమ్మదిగా చూపించాడు. దానికీ అతనే. ఎంత గర్వంగా చెబుతున్నాడో! పంటపొలం చూపించే రైతులా ఉన్నాడు.

కాస్పర్ బక్కెట్టు బోర్లించి దానిమీద కూర్చున్నాడు. పదకొండేళ్ళ మాట ఒక కాఫీ కప్పు అయ్యేలోపు అయిపోయింది.

"ఏమంటోంది?" అని డఫీ చెవిలో అరిచాడు.

"ఇంకో కప్పు పోస్తోంది."

నిజమే. టిలీ స్టక్కు కప్పు మళ్ళీ నింపింది. చక్కెర కూడా వేసింది. కాస్పర్ వైపు మాత్రం తల తిప్పలేదు. జగ్గు బల్లమీద పెట్టి, శాలువా సర్దుకుని, తాడు దగ్గరికి వెళ్ళి విధవరాలు పిమ్ పక్కన నిలబడింది.

"ఇంకా దాయడానికేముందిరా? నీ చోట్లోకి పో" అన్నాడు డఫీ.

"ఆమె చూస్తోంది" అన్నాడు కాస్పర్. అదే మాట రెండుసార్లన్నాడు. పీపాలకీ మంటకీ భయపడని మనిషి. తెలిశాక కూడా కళ్ళెదుట చేస్తే, ఆమె అక్కడే, అందరిముందే 'ఇక చాలు' అంటుందని అతని భయం. అన్నదంటే అంతే. ఆమె మాటకి వెనక్కి పోవడం లేదు. వినేదాకా ఆట తనదే కదా అనుకున్నాడు. వెనకే నిలబడ్డాడు.

మూడో పావు ఆటంతా పిమ్ నేలమీదే గడిపాడు. లేచేవాడు, పడేవాడు. పెదవి చిట్లింది. ఒక కన్ను మూసుకుపోయింది. ఒకసారి స్టక్కే చంక కింద చెయ్యి వేసి లేపి, దుమ్ము దులిపి నిలబెట్టాడు. గాజువాళ్ళు మళ్ళీ గీత దాకా వచ్చి, అదృష్టం బాగుండి బంతి జారవిడిచారు కాబట్టి సరిపోయింది.

నాలుగో పావు ముందు ఒక నిమిషం విరామం. టిలీ తాడు దగ్గరినుంచి వేలితో పిలిచింది. కాస్పర్ వెళ్ళాడు. బాయిలర్ పనివాళ్ళ ఇళ్ళల్లో మొగుడూ పెళ్ళాల మాటలు మూడిళ్ళ అవతలికి వినబడతాయి. వేరే దారి లేదు. అందుకే చుట్టుపక్కలవాళ్ళు మర్యాదకి ఆకాశం వైపు చూస్తూ చెవులు రిక్కించారు.

"ముక్కు బాయిలర్ పగలగొట్టలేదట" అంది టిలీ, అతని ఎడమచెవిలో.

"లేదు."

"చెవి?"

"లేదు."

"పక్కటెముక?"

"లేదు." కాస్పర్ ఎడమచెయ్యి ఎత్తి చూపించాడు. "ఈ చిటికెన వేలు మాత్రం బాయిలరే."

"ఒక్క వేలు! ఒక్క వేలికోసం డఫీని మూడుసార్లు తిట్టించావా నాచేత?"

అవతల డఫీ టోపీ తీసి నలపడం మొదలుపెట్టాడు, అలవాటుకొద్దీ.

"బంతి తన్నడం ఎప్పట్నుంచి?"

"ఇవాళే."

"అది ఊరంతటికీ తెలిసింది. ఫాదర్‌గారు ఇంకా గుర్రాన్ని వెతుకుతున్నారు." ఆమె గొంతు తగ్గింది. తగ్గినా అతనికి పెదవులు తెలుసు. "నాకు కోపం ఎందుకో తెలుసా? ఇటు చూడు." పక్కనున్న విధవరాలు పిమ్ చేతిరుమాలు నోట్లో కుక్కుకుని మైదానంకేసి చూస్తోంది. "ఈవిడ కొడుకు నీ దెబ్బలు తింటున్నాడు. నాకు భయపడి నువ్వు వెనక నిలబడ్డావు. సిగ్గు లేదూ?"

అది నిజం. పదకొండేళ్ళలో అతని బదులు ఇంకొకడు దెబ్బ తినడం ఇదే మొదలు. ముక్కు విరిగిన రోజు కూడా ఇంత బాధ పడలేదు.

"పో. నీ చోట్లోకి పో. మిగతాది ఇంట్లో" అంది టిలీ.

కాస్పర్ వెళ్ళి పిమ్ భుజంమీద చెయ్యి వేశాడు. పిమ్‌కి ఒక కంటితోనే ఏడుపొచ్చింది. కాస్పర్ పాత ఎడంచేతి చోట్లో వంగి, వేళ్ళు నేలకి ఆనించాడు. ఎదురుగా స్టక్కు ముఖం విచ్చుకుంది.

"వచ్చావా నాయనా! మీ ఆవిడ ఎంత మంచిదిరా, రెండు కప్పులు పోసింది" అన్నాడు. ఇంత దగ్గర్నుంచి కాస్పర్‌కి ఆ మాట వినబడింది.

"ఎందుకు చెప్పావురా అంతా?"

"అడిగింది చెప్పాను. చెప్పకూడదా?"

కాస్పర్ మడమమీద వెనకవాడి వేళ్ళు రెండుసార్లు తట్టాయి. బంతి తన పక్కనుంచే పోతుందన్నమాట. అతను లేచాడు. చూసేవాళ్ళకి గుద్దినట్టుండదు. బాయిలర్ రేకు ఎత్తేటప్పుడు ఎలా చేస్తారో అలా, నడుం కింద పెట్టి, గెడ్డం పక్కకి తిప్పి, బరువు ఎక్కడుందో భుజంతో వెతుక్కుని, దొరికాక మెల్లిగా లేపడమే. స్టక్కు కాళ్ళు ఒక్క జానెడు తేలాయి. ఆ జానెడు చాలు. వెనకనుంచి కాల్డర్‌వాడు బంతితో ఆ సందులోంచి ఆరు గజాలు పోయాడు.

మళ్ళీ తట్టు. మళ్ళీ అదే సందు. నాలుగు గజాలు. మళ్ళీ. స్టక్కు ఊరుకున్నాడా? ఒకసారి కాస్పర్‌ని బోర్లా పడేసి మీద కూర్చున్నాడు, ఇంకోసారి మోచేతితో కంటిమీద ఒక గుర్తు పెట్టాడు. ఇద్దరికీ ఊపిరి ఆవిరై పైకి పోతోంది, ఇద్దరూ నవ్వుతున్నారు. తాడు పొడుగునా జనం వాళ్ళతోపాటే జరుగుతున్నారు. ఈసారి ఎవరూ బంతి పట్టుకున్నవాడి పేరు అరవడం లేదు. కాస్పర్‌కి అది తెలియదు. పైకి లేచినప్పుడల్లా తాడు పక్కన నల్లటోపీ ఒకటి తనతో సమానంగా నడవడం మాత్రం కనబడింది. వేడి ఇటుకలు ఎక్కడో వెనక వదిలేసి వచ్చిందామె.

పదమూడో తట్టుకి గీత దాటారు. ఆరుకి ఆరు.

ఇక అదనపు తన్ను. అది పడితే గెలుపే. పిమ్ తన పాత చోట్లోకొచ్చి, ఉన్న ఒక్క కంటితో గోలు కర్రలు చూసుకుని తన్నాడు. బంతి చక్కగా లేచింది. కర్రకి కొట్టుకుని ఇటే పడింది. ఆట అలాగే ముగిసింది.

జనం నిట్టూర్చారు గానీ పిమ్‌ని ఎవరూ ఒక్క మాటనలేదు. విధవరాలు పిమ్ తాడు కింద దూరి వచ్చి కొడుకు తల ఒళ్ళో పెట్టుకుని, "కర్రకి తగిలించాడు చూడండి! అంత సన్నదానికి గురిచూసి కొట్టడం మాటలా?" అంది.

చర్చి హాల్లో రెండు జట్లకీ భోజనం. సాసేజీలు, పులిసిన క్యాబేజీ, ఆపిల్ పళ్ళ రసం. టిలీ స్టక్కు పక్కన కూర్చుని అతని పళ్ళెంలో మూడో సాసేజీ వేసింది.

"ముక్కు ఏ ఏడు?" అని అడిగింది.

"పందొమ్మిదొందల ఏడు, చెల్లెమ్మా. అక్టోబరు."

"నాకు రివెట్ అన్నాడు. మరి నీకేమీ తగల్లేదా ఇన్నేళ్ళూ?"

స్టక్కు కింది పెదవి లాగి చూపించాడు. రెండు పళ్ళు లేవు. "ఇవి మీ ఆయనవే. ఈ మోకాలు కూడా. చలికాలం నొప్పెడుతుంది. మా ఆవిడ రోజూ మీ ఆయన్ని తలుచుకుంటుంది."

"ఏమని?"

"అది భోజనాల దగ్గర చెప్పే మాట కాదులే."

టిలీ నవ్వింది. ఆ రోజంతటికీ అదే మొదటి నవ్వు. బల్ల ఆ చివర కూర్చున్న కాస్పర్ అది చూసి నమలడం మర్చిపోయాడు. ఆ తర్వాత ఆమె లేచి డఫీ దగ్గరికి వెళ్ళింది. డఫీ లేవబోయాడు. ఆమె అతని భుజం నొక్కి కూర్చోబెట్టి, "మేస్త్రిగారూ, మూడుసార్లూ మీరు నోరు మెదపలేదు. తప్పు మీది కూడా" అని, అతని పళ్ళెంలోనూ ఒక సాసేజీ వేసి వచ్చింది. క్షమాపణో తిట్టో డఫీకి తెలియలేదు. తిన్నాడు.

చీకటి పడకముందే ఇద్దరూ ఇంటికి బయలుదేరారు. పట్టాల వెంబడి దారి. ఆమె అతని ఎడంపక్కకి వచ్చింది, చెవి కోసం. కాస్పర్ అడగలేదు. అడిగితే జవాబు వస్తుంది.

"అబద్ధానికి శిక్ష ఉంది. ఈ చలికాలమంతా కట్టెలు కొట్టేది, బూడిద ఎత్తేది, నీళ్ళు తెచ్చేది నువ్వే. పిల్లల స్నానాలు కూడా" అంది చివరికి.

"సరే."

"సరే అంటే కాదు. పదకొండేళ్ళు నమ్మాను నేను."

"తప్పే."

ఇంకో పది అడుగులు. "మామయ్యకి ఉత్తరం రాస్తాను, వెన్నకి ఇంకెవర్నైనా చూసుకోమని. ఆ బాయిలర్లు నిన్ను ఏం చేశాయి పాపం, ఒక్క వేలు తప్ప."

కాస్పర్ ఆగిపోయాడు. ఆమె ఆగలేదు, అతనే అందుకోవాల్సి వచ్చింది.

"ఆట?" అన్నాడు. ఆ ఒక్క మాట పైకి రావడానికి, స్టక్కుని ఎత్తినంత కష్టమైంది.

టిలీ అప్పుడు ఆగింది. అతని కంటిమీద కొత్త గుర్తుని గ్లవ్సు తీసి వేలితో నొక్కి చూసింది. అతను మొహం చిట్లించాడు.

"మా అన్న ఆడింది చూశాను. వాడికి ఆట రాదు. వచ్చి మీద పడేవాళ్ళకింద పడేవాడు. నీకు వచ్చు. ఇవాళ చూశాను. ఆ కొండలాంటి మనిషిని లేపావు, తలుపు చట్రంలోంచి తీసినట్టు." గ్లవ్సు మళ్ళీ తొడుక్కుంది. "నీ అంతట నువ్వు లేవలేని రోజున మానేస్తావు. ఆ రోజు నేను చెబుతాను, నువ్వు కాదు. నీ మాట నమ్మను ఇక."

"సరే" అన్నాడు కాస్పర్.

"వచ్చే ఆదివారం ఎక్కడ?"

"టోలిడో పక్కన. శనివారం ఆరింటి బండి."

"పాసు నీకే కదా. నాకు టికెట్టు కొను. పిల్లల్ని పిమ్‌గారి దగ్గర పెడతాను, ఆవిడే అడిగింది."

"నువ్వొచ్చి ఏం చేస్తావు అక్కడ?"

"అరుస్తాను" అంది టిలీ.

"నాకు వినబడదు కదా."

"నీకు కాదు. నీ ఎదురుగా నిలబడేవాడికి వినబడాలి."